తగవు - తగవరి - తీర్పు : కుటుంబవివాదములలో మధ్యస్థ సంప్రదాయము

భాషలోని పదములు కొన్ని తమ తొలి యర్థమును విడిచి, దానికి విరుద్ధమనదగిన యర్థమును పొందుట కలదు. తెలుగున ‘తగవు’ అట్టి పదము. ‘తగు’ ధాతువునుండి పుట్టిన యీ మాటకు ప్రాచీన కావ్యములలో తగినది, ఉచితమైనది, న్యాయమైనది యని యర్థము. తగవు తెలిసినవాడనగా న్యాయ మెరిగినవాడు. తగవరి యనగా న్యాయము చెప్పువాడు. నేడు పల్లెలోనైనను పట్టణములోనైనను ‘ఆ యింట తగవు పడినది’ అన్నచో కలహము వచ్చినదనియే యెల్లరును గ్రహింతురు. బ్రౌను 1852లో ప్రకటించిన నిఘంటువున నీ రెండర్థములును ప్రక్కప్రక్కనే కానవచ్చుచున్నవి.

‘రచ్చ’ అను మాటకును నిట్టి గతియే పట్టినది. రచ్చ యనగా నలుగురు కూడు చోటు, సభ. ‘ఇంట గెలిచి రచ్చ గెలువుము’ అను సామెతలో నా యర్థము చెక్కుచెదరక నిలిచియున్నది. కాని ‘రచ్చ చేసినారు’ అన్నపుడు సభ తీర్చిరని యెవ్వరును తలపరు. అల్లరి చేసిరనియే తలతురు. ‘పంచాయితీ’ కూడ నీ బాటనే నడచినది. అయిదుగురు పెద్దలు కూర్చుండి వివాదమును తీర్చుట దాని మూలార్థము. తెలంగాణమున ‘వారిద్దరికిని పంచాయితి యున్నది’ అన్నచో వారిమధ్య జగడ మున్నదని భావము.

న్యాయమునకును, న్యాయసభకును, న్యాయము చెప్పు పెద్దలకును పేళ్లయిన మూడు మాటలు క్రమముగా జగడమునకు పేళ్లగుట యాదృచ్ఛికము కాదని మా తలంపు. ఔషధము పేరు వ్యాధికి సంక్రమించుటకు కారణము, ఆ యౌషధమును సేవించుటయే యవమానమని లోక మెంచుట. ఇంటి గుట్టు బయటపడుట కుటుంబమునకు పరువుతక్కువ. కావున వివాదమును సభకు తెచ్చినవారే వివాదమును పుట్టించినవారుగా లోకమునకు తోచిరి. అట్లు తెచ్చినవారు తరచుగా నెవ్వరు? భాగము దక్కని తమ్ముడు, మనోవర్తి లేని యిల్లాలు, పుట్టినింటికి తిరిగివచ్చిన యాడుబిడ్డ. అనగా అన్యాయమునకు గురియైనవారు. వారి మొర కాలక్రమమున ‘రచ్చ’ యయ్యెను.

నేడు కుటుంబ న్యాయస్థానములలో మధ్యవర్తిత్వమును గూర్చి విశేషమైన చర్చ జరుగుచున్నది. ఇది పాశ్చాత్యులనుండి వచ్చిన క్రొత్త పద్ధతియని కొందరును, మన ప్రాచీన పంచాయతీయే వేషము మార్చుకొని వచ్చినదని కొందరును చెప్పుదురు. ఈ రెండు వాదములును పూర్ణసత్యములు కావని నిరూపించుటకును, మధ్యస్థమునందలి మేలేదో, కీడేదో చరిత్రాధారముతో విడదీసి చూపుటకును ఈ వ్యాసమున యత్నింతుము.

1. ధర్మశాస్త్రములలో కుటుంబవివాదము

యాజ్ఞవల్క్యస్మృతి వ్యవహారాధ్యాయము న్యాయనిర్ణయము చేయు సభలను నాలుగింటిని పేర్కొనుచున్నది. కులము, శ్రేణి, పూగము, రాజు నియమించిన యధికారులు. కులమనగా జ్ఞాతుల, సంబంధుల, బంధువుల సమూహము. శ్రేణి యనగా నొకే వృత్తివలన జీవించువారి కూటమి. పూగమనగా భిన్నవృత్తులవారైనను నొకచోట నివసించువారి సమూహము. వీనిలో ముందరిదానికంటె తరువాతిది బలవత్తరమనియు, రాజనియుక్తులనుండి క్రిందికి వచ్చుకొలది బలము తగ్గుననియు శాస్త్రకారుల క్రమము. శాసనములలో కానవచ్చు మహాజనులు, నకరము, సమయము మొదలగు పేళ్లు ఇట్టి సమూహములు మన దేశమున వ్యవహారమున నుండినట్లు తెలుపుచున్నవి.

ఇందు గమనింపదగిన విషయ మొకటి కలదు. కులసభ చెప్పిన తీర్పు తృప్తికరము కానిచో శ్రేణికిని, అచ్చటినుండి పూగమునకును, తుదకు రాజసభకును పోవచ్చును. పైసభ నిర్ణయించినదానిని క్రిందిసభ తిరుగదోడరాదు. కావున బంధువుల మధ్యస్థము మొదటి మెట్టు మాత్రమే. అది తుదిమెట్టు కాదు. పెద్దమనుషుల మాటయే వేదవాక్కని, దానిని దాటిపోరాదని చెప్పుట సంప్రదాయమునకు మర్యాద చేయుటగా కొందరు భావింతురుగాని, ఆ సంప్రదాయమే మెట్లను నిర్మించి తలుపు తెరచి యుంచినది.

ఇంతకంటె ముఖ్యమైనది మితాక్షరలోని యొక చర్చ. గురుశిష్యులకును, తండ్రికొడుకులకును, భార్యాభర్తలకును, స్వామిభృత్యులకును పరస్పరము వ్యవహారము చెల్లదని చెప్పు స్మృతివాక్య మొకటి కలదు. పైకి చూచిన నిది కుటుంబవివాదములకు న్యాయస్థానము తలుపు మూసినట్లే. విజ్ఞానేశ్వరుడు దీని నట్లు గ్రహింపలేదు. కల్యాణి చాళుక్య చక్రవర్తియైన ఆరవ విక్రమాదిత్యుని కాలమున, అనగా 1076 - 1126 సంవత్సరముల నడుమ, ఆ యాస్థానమున వెలసిన యీ వ్యాఖ్యాత యీ వాక్యము నొక్కొక్క జంటను పట్టి పరీక్షించెను. గురువు కోపముచే హద్దుమీరి శిష్యుని దండించినచో శిష్యుడు రాజునకు నివేదింపరాదా? తాతగారి యాస్తిలో తండ్రికిని కొడుకునకును సమాన స్వామ్యము కలదు గదా. తండ్రి దానిని పాడుచేయుచున్నచో కొడుకు సభకు పోరాదా? భర్త భార్యయొక్క స్త్రీధనమును కరవు, రోగము, ధర్మకార్యము మొదలగు నాపత్తులలోగాక యితరత్ర వాడుకొని, చేత ధనముండియు, అడిగినను ఈయకున్నచో ఆమెకు దారి యేది?

ఈ ప్రశ్నలకు ఆయన చెప్పిన సమాధానమును సంగ్రహింతుము. ఇట్టివారిమధ్య వ్యవహారము ఇహమునకును పరమునకును శ్రేయస్కరము కాదు. కావున రాజును సభ్యులును వారిని ముందుగా వారింపవలెను. ఇదియే యా వాక్యమునకు తాత్పర్యము. అట్లు వారించినను వారు పట్టుపట్టినచో, తక్కిన వ్యవహారములవలెనే వారి వ్యవహారమును విచారింపవలెను.

ఈ రెండు వాక్యములలో కుటుంబ న్యాయస్థానముల సిద్ధాంతమంతయు నిమిడియున్నదని చెప్పుట సాహసము కాదు. మొదట సంధికి ప్రయత్నము. అది కుదరనిచో తీర్పు. ప్రయత్నము సభకు విధి. తీర్పు కక్షిదారునకు హక్కు. విజ్ఞానేశ్వరుడు చెప్పిన సంధిప్రయత్నము హక్కును తుడిచివేయునది కాదు; హక్కునకు ముందు నడచునది.

మితాక్షరను తెలుగువారికి అందించినవాడు కేతన. ఈయన 13వ శతాబ్దివాడు. దశకుమారచరిత్రమును తిక్కనకు అంకితమిచ్చి అభినవదండి యనిపించుకొన్నవాడు. ఈయన రచించిన విజ్ఞానేశ్వరీయము ఆచార, వ్యవహార, ప్రాయశ్చిత్త కాండములుగా సాగిన పద్యకృతి. తెలుగున తొలి ధర్మశాస్త్రగ్రంథమని దీనికి ప్రసిద్ధి. సంస్కృతము నెరుగని తగవరులు కూడ ధర్మము నెరుగవలెనను నవసరము ఆనా డుండియుండుటచేతనే యిట్టి గ్రంథము పద్యరూపమున వెలసినదని మే మూహించుచున్నాము. పద్యమైనచో కంఠస్థమగును, కంఠస్థమైనది రచ్చలో పనికివచ్చును.

2. రాయబారములు చెప్పు పాఠము

మన జాతికి సంధియత్నములను గూర్చిన జ్ఞానము శాస్త్రములకంటె కావ్యములవలననే యెక్కువగా సంక్రమించినది. భారతకథ మూలమున నొక కుటుంబవివాదము. దాయాదుల పంపకము దాని వస్తువు. దాయమనగా పంచుకొనదగిన సొత్తు. దానిని పంచుకొనువాడు దాయాది. తెలుగున ‘దాయ’ యను మాటకు జ్ఞాతి యనియు, శత్రువనియు రెండర్థములు. భాగస్థునకును పగవానికిని ఒకే పేరు పెట్టిన భాష, కుటుంబవివాదముల స్వరూపమును చక్కగా నెరిగిన భాషయే కదా.

ఉద్యోగపర్వమున మూడు రాయబారములు జరిగినవి. ద్రుపదుని పురోహితుడు కౌరవుల కడకు పోయెను. ధృతరాష్ట్రుడు సంజయుని పాండవుల కడకు పంపెను. పిదప శ్రీకృష్ణుడు హస్తినకు పోయెను. ఈ మూడింటిని సరిపోల్చి చూచినచో మధ్యస్థమునకు సంబంధించిన ముఖ్యభేదము విశదమగును.

సంజయుడు తెచ్చిన సందేశమున శాంతి కలదు; భాగము లేదు. యుద్ధము పాపమని, బంధునాశము తగదని, ధర్మరాజు వంటి శాంతమూర్తి పోరు కోరరాదని చెప్పించిన ధృతరాష్ట్రుడు రాజ్యభాగమును ఇత్తునని మాత్రము చెప్పించలేదు. నేటికిని ఎన్నియో కుటుంబములలో పెద్దలు ‘సర్దుకొని పొమ్ము’ అని హితవు చెప్పునపుడు సంజయరాయబారమే పునరావృత్తమగుచున్నది. హితవచనము సత్యమే, కాని యది ఇవ్వవలసినవానికి చెప్పబడక, రావలసినవానికి మాత్రమే చెప్పబడుచున్నది.

శ్రీకృష్ణరాయబారము దీనికి భిన్నము. ధర్మరాజు తన కోరికను అయిదూళ్లకు తగ్గించుకొనెను. అడుగుట యెంత తగ్గినను, అడుగుట మాత్రము కలదు. అంతేకాదు. రాయబారమునకు పయనమగుచున్న కృష్ణుని యెదుట ద్రౌపది తన కురులను చూపి, సంధి మాట లాడునపుడు తనకు జరిగిన పరాభవమును మరవవలదని మొరపెట్టుకొనెను. మగవారు సంధికి సిద్ధమగుచున్న వేళ, ఆ సంధిలో తన గాయమునకు చోటెక్కడనని యడిగిన యీ స్త్రీ ప్రశ్న, మధ్యస్థమునకు కూర్చుండు ప్రతివాడును స్మరింపదగినది. ఇంతకుముందే, జూదసభలో భీష్మద్రోణాది వృద్ధులు కొలువుదీరియుండగా, తాను ధర్మవిజితనా యని ఆమె యడిగిన ప్రశ్నకు సూటియైన సమాధానము రాలేదు. ఆమె పక్షమున పలికినవాడు వికర్ణుడు, వయస్సున చిన్నవాడు. పెద్దలుండుటయే సభకు లక్షణము కాదు. పలుకవలసిన వేళ పలుకు పెద్దలుండుట లక్షణము.

తిరుపతి వేంకటకవుల పాండవోద్యోగ విజయములు తెలుగు నాట ఊరూర ప్రదర్శింపబడి, రాయబారపు ఘట్టమును అక్షరము రానివారి నోటను నిలిపినవి. ఆ పద్యములకు ప్రజలు చూపిన యాదరమునకు రాగవైభవ మొక్కటియే కారణము కాదు. ప్రతి యూరను పంపకములు కలవు. ప్రతి పంపకమునను మధ్యవర్తులు కలరు. తమ యింటి కథనే రంగస్థలముపై చూచుచున్నట్లు ప్రేక్షకులకు తోచియుండును.

పల్నాటి వీరచరిత్ర మన నేలమీదనే జరిగిన దాయాదిపోరు. 12వ శతాబ్ది యుత్తరార్ధమున, అనుగురాజు కుమారులు, వేరువేరు తల్లుల బిడ్డలైన నలగాముడును మలిదేవుడును రాజ్యమును పంచుకొనగా, గురజాల యొకరికిని మాచెర్ల యొకరికిని రాజధానులయ్యెను. కోడిపందెమున నోడి మలిదేవుని పక్షమువారు దేశము విడిచిరి. గడువు తీరిన పిమ్మట తమ భాగమును తిరిగి కోరుటకు అలరాజు రాయబారిగా గురజాలకు పోయెను. అలరాజు నలగాముని యల్లుడు. ఉభయపక్షములకును కావలసినవాడు, మధ్యస్థమునకు ఇంతకంటె తగినవాడు దొరకడు. అట్టివాడు విషప్రయోగమునకు బలియయ్యెనని కథ. పిదప కారెమపూడి రణరంగ మొక్కటియే మిగిలినది.

ఈ కథ చెప్పు నీతి యేమి? రాయబారి యెంత యోగ్యుడైనను, అతని వెనుక నతనిని కాపాడు నధికార మొకటి లేనిచో రాయబారము నిలువదు. మధ్యస్థము న్యాయస్థానమునకు ప్రత్యామ్నాయమని చెప్పువా రీ విషయమును గమనింపవలెను. న్యాయస్థానపు నీడ లేనిచోట మధ్యస్థము బలవంతుని దయపై నాధారపడును.

మహమ్మదీయ ధర్మమునను నిట్టి యేర్పాటు కలదు. దంపతులమధ్య వైరము పుట్టునను భయము కలిగినపుడు భర్త కుటుంబమునుండి యొకరిని, భార్య కుటుంబమునుండి యొకరిని మధ్యవర్తులుగా నియమింపవలెనని ఖురాను నాలుగవ యధ్యాయము, 35వ వాక్యము విధించుచున్నది. ఇచ్చట ఇరుపక్షములకును సమసంఖ్యలో ప్రాతినిధ్య ముండుట విశేషము. 2002లో భారత సుప్రీంకోర్టు, తలాకునకు ముందు ఇట్టి సంధియత్నము జరిగియుండవలెనని చెప్పి యీ సూత్రమునకు న్యాయబలము చేకూర్చెను.

3. మన్రో పంచాయతీలు

1800లో నిజాము నుండి కుంపిణీవారికి సంక్రమించిన దత్తమండలములకు థామస్ మన్రో ప్రధాన కలెక్టరుగా 1807 వరకు పనిచేసెను. అచ్చటి గ్రామవ్యవస్థను సన్నిహితముగా చూచిన యీయన, ఇంగ్లండునుండి తెచ్చిన న్యాయస్థానపద్ధతి ఈ దేశప్రజలకు దూరమనియు, పంచాయతీయే వారికి సహజమనియు విశ్వసించెను. 1814లో న్యాయవ్యవస్థా సంస్కరణమునకై నియమితుడై తిరిగివచ్చిన పిదప, ఆయన ప్రోద్బలమున 1816లో మదరాసు రాజధానియందు క్రొత్త నిబంధనలు వెలువడినవి. నాలుగవ నిబంధన గ్రామ మునసబునకు చిన్న వ్యాజ్యములను తీర్చు నధికారమిచ్చెను. అయిదవది గ్రామ పంచాయతీలను, ఆరవది జిల్లా మునసబులను, ఏడవది జిల్లా పంచాయతీలను ఏర్పరచెను.

ఇందు మునసబు కచ్చేరీలకు వ్యాజ్యములు వెల్లువెత్తినవి. పంచాయతీలకు మాత్రము ప్రజలు రాలేదు. అనాదిగా పంచాయతీకి అలవాటుపడినవారని మన్రో తలచిన ప్రజలే, ప్రభుత్వము చట్టముచేసి పంచాయతీని చేతికందించునప్పటికి దానిని తాకకుండుట వింతగా తోచవచ్చును.

మా దృష్టిలో నిందు వింత లేదు. పూర్వపు పంచాయతీకి బలము నిబంధనలవలన రాలేదు, కట్టుబాటువలన వచ్చినది. పెద్దల మాట విననివానికి నిప్పు, నీరు, పెండ్లిపేరంటములు నిలిచిపోవును. ఆ భయము కలచోట పంచాయతీకి చట్టముతో పనిలేదు. ఆ భయము వీడినచోట మునసబు తీర్పుండగా పంచాయతీతో పనిలేదు. స్వేచ్ఛగా నెంచుకొను నవకాశము దొరకగానే సామాన్యుడు, తన కులపెద్దలను కాక, ముక్కుమొగము తెలియని మునసబునే యెంచుకొనె నన్నచో, పూర్వపు మధ్యస్థములో స్వేచ్ఛ యెంత, నిర్బంధ మెంత యను ప్రశ్న తప్పక పుట్టును. పంచాయతీని స్వర్ణయుగముగా వర్ణించువారు సమాధానము చెప్పవలసిన ప్రశ్న యిది.

1889లో గ్రామ న్యాయస్థానముల చట్టము వచ్చిన పిమ్మటను కుటుంబవివాదములు తరచుగా పెద్దమనుషుల యరుగులమీదనే తీరుచుండెను. ‘పెద్దమనుషులలో పెట్టుట’ యను పలుకుబడి నేటికిని కోస్తా జిల్లాలలో సజీవము. పెక్కు కులములలో విడాకులు, మారుమనువు కులపెద్దల సమక్షముననే జరుగుచుండెను. 1955 నాటి హిందూ వివాహచట్టము కూడ ఆచారసిద్ధమైన విడాకులను 29వ సెక్షనున రక్షించినది.

4. దుర్గాబాయి సంకల్పము

ఆధునిక కుటుంబ న్యాయస్థానముల చరిత్రలో నొక తెలుగు వనిత పేరు ముందు నిలుచుట మన కందరకును గర్వకారణము. 1909లో రాజమహేంద్రవరమున జన్మించిన దుర్గాబాయి బాల్యవివాహబంధమునుండి బయటపడి, జాతీయోద్యమమున చెరసాలకు పోయి, న్యాయశాస్త్రము నభ్యసించి, రాజ్యాంగసభలో సభ్యురాలయ్యెను. కుటుంబ వ్యవస్థలోని కష్టమును అనుభవమువలనను, న్యాయవాదవృత్తివలనను కూడ నెరిగిన స్త్రీ యామె. 1953లో చీనాదేశమున పర్యటించినపుడు అచ్చటి కుటుంబ న్యాయస్థానములను చూచి, తిరిగివచ్చి, న్యాయమూర్తులైన చాగ్లా, గజేంద్రగడ్కరులతోను, ప్రధానమంత్రి నెహ్రూతోను చర్చించెను. అంతకుముందే, 1949లో, జపానున కుటుంబ న్యాయస్థానములు వెలసి, వ్యాజ్యమునకు ముందు సంధియత్నము జరుగవలెనను నియమము పాటింపబడుచుండెను.

ఈ సంకల్పము ఫలించుటకు మూడు దశాబ్దులు పట్టినది. దీనికి ముందే 1949లో మదరాసు శాసనసభ ద్విభార్యాత్వమును నిషేధించి హిందువులకు విడాకుల హక్కునిచ్చెను. 1955 నాటి హిందూ వివాహచట్టము 23వ సెక్షను రెండవ యుపవిభాగము, ఉపశమన మిచ్చుటకు ముందు దంపతులను కలుపుటకు న్యాయస్థానము సాధ్యమైనంత ప్రయత్నము చేయవలెనని విధించెను. 1974లో లా కమిషను తన 59వ నివేదికలో కుటుంబవివాదములకు ప్రత్యేకమైన పద్ధతి యవసరమని చెప్పెను. ఆ యేటనే స్త్రీల స్థితిగతులను పరిశీలించిన సంఘమును నట్లే సిఫారసు చేసెను. 1976లో సివిలు ప్రొసీజరు కోడునందు 32-ఎ ఆర్డరు చేరినది. అదే సంవత్సరమున పరస్పరాంగీకారముతో విడాకులు పొందు 13-బి సెక్షను వివాహచట్టమున చేరినది. తుదకు 1984లో కుటుంబ న్యాయస్థానముల చట్టము వెలువడెను. దానిని చూచు భాగ్యము దుర్గాబాయికి లేకపోయెను. 1981లో ఆమె కాలధర్మము నొందెను.

1984 చట్టముయొక్క ముఖ్యలక్షణములు కొన్ని. పదిలక్షలకు మించిన జనసంఖ్యగల నగరములలో కుటుంబ న్యాయస్థానము తప్పనిసరి. న్యాయమూర్తుల నియామకమున స్త్రీలకు ప్రాధాన్య మీయవలెను. సలహాదారులు, సాంఘికసేవాసంస్థలు, వైద్యనిపుణులు న్యాయస్థానమునకు తోడ్పడుదురు. న్యాయవాదిని నియమించుకొనుట కక్షిదారునకు హక్కుగా లభింపదు. అవసరమైనచో న్యాయస్థానము న్యాయమిత్రుని పిలిపించుకొనవచ్చును. కక్షిదారు కోరినచో విచారణ రహస్యముగా జరుగును. అన్నింటికంటె ముఖ్యమైనది 9వ సెక్షను: మొట్టమొదట న్యాయస్థానము ఉభయులను ఒడంబడికకు తెచ్చుటకు యత్నింపవలెను; ఒడంబడికకు అవకాశమున్నదని యే దశలో తోచినను విచారణను వాయిదా వేయవచ్చును.

విజ్ఞానేశ్వరుని తాత్పర్యమే యిచ్చట సెక్షనై వెలసినట్లు తోచును. చట్టమును రచించినవారు మితాక్షరను చూచి వ్రాసిరని మా యభిప్రాయము కాదు. సమస్య యొకటే యైనపుడు, వేర్వేరు కాలముల విజ్ఞు లొకే పరిష్కారమునకు చేరుట సహజము. ముందు వారింపుము; వినకున్న విచారింపుము.

5. మధ్యస్థము నిలువవలసిన హద్దులు

కాని 1984 చట్టమున నొక ద్వైధీభావము కలదు. న్యాయమూర్తులుగా నియమింపబడువారు వివాహసంస్థను రక్షించుట యందును, సంధిని పెంపొందించుట యందును శ్రద్ధగలవారు కావలెనని 4వ సెక్షను చెప్పుచున్నది. సంధి వేరు, కాపురము నిలుపుట వేరు. దంపతులు విడిపోవుటకు నిశ్చయించుకొని, మనోవర్తి యెంత, బిడ్డ లెవరికడ, స్త్రీధనము తిరిగి యిచ్చుట యెట్లు అను విషయములను కలహము లేక తేల్చుకొన్నచో నదియును సంధియే. కాపురము నిలుపుటయే లక్ష్యమని తలచు మధ్యవర్తి, తెలియకయే, సంజయుని స్థానమున నిలుచును. శాంతిని కోరుచు భాగమును మరచును. స్త్రీల హక్కులకై పాటుపడువారు ఈ చట్టముపై చేసిన విమర్శకు సారమిదియే.

తరువాతి చరిత్ర ఈ విమర్శకు సమాధానముగా సాగినదని చెప్పవచ్చును. 1983లో శిక్షాస్మృతిలో చేరిన 498-ఎ సెక్షను, భర్తయు నతని బంధువులును చేయు క్రూరకృత్యమును నేరముగా పరిగణించెను. 2024 జూలై నుండి భారతీయ న్యాయసంహిత 85, 86 సెక్షనులు దాని స్థానమున నమలులో నున్నవి. 2005 గృహహింస నిరోధక చట్టము సలహాసంప్రదింపులకు వీలు కల్పించినను, 2006లో దాని క్రింద చేసిన నియమములు ఒక గట్టి హద్దు గీచినవి. జరిగిన హింసను సమర్థించు మాట సంప్రదింపులలో భాగము కారాదు. ఇకమీదట హింసకు పూనుకొననని ప్రతివాది హామీ యీయవలెను. ‘కోపముచే నొక దెబ్బ వేసియుండును, దాని కింత రచ్చ యేల’ అను పెద్దమనుషుల పాతమాటకు చట్టము తొలిసారి సూటిగా నడ్డు చెప్పినది.

2013లో సుప్రీంకోర్టు ఆంధ్రప్రదేశమునుండి వచ్చిన యొక దంపతుల వివాదమును తీర్చుచు, కుటుంబ న్యాయస్థానములు తమ సలహాదారుల యత్నము విఫలమైనను కక్షిదారుల సమ్మతితో మధ్యవర్తిత్వ కేంద్రములకు వివాదమును పంపవలెననియు, దానికి గడువు విధింపవలెననియు, వ్యాజ్యమునకు పూర్వమే మధ్యవర్తిత్వమునకు వీలు కల్పించు ఏర్పాట్లు చేయవలెననియు చెప్పెను. అదే తీర్పున 498-ఎ సెక్షను పదును తగ్గకుండ జాగ్రత్త వహింపవలెనని హెచ్చరించెను. 2018లో, వయోజనులైన స్త్రీపురుషుల వివాహమున జోక్యము చేసికొను కులపంచాయతీల చర్య చట్టవిరుద్ధమని వేరొక తీర్పున ప్రకటించెను. ఈ రెండు తీర్పులును కలిపి చదువవలెను. మొదటిది మధ్యస్థమునకు తలుపు తెరచినది. రెండవది మధ్యస్థము పేర జరుగు దౌర్జన్యమునకు తలుపు మూసినది.

2023 నాటి మధ్యవర్తిత్వ చట్టము ఈ వివేచనమునకు శాసనరూప మిచ్చినది. మధ్యవర్తి యెదుట జరిగిన సంభాషణకు గోప్యత, 120 దినముల గడువు, ఉభయుల సమ్మతిపై మరి 60 దినముల పొడిగింపు, ఒడంబడికకు న్యాయస్థానపు డిక్రీతో సమానమైన బలము దీని లక్షణములు. సమాజములోని కలహములను స్థానికులైన మువ్వురు మధ్యవర్తులు ఉభయుల సమ్మతిమీద తీర్చు పద్ధతియు నిందు కలదు. కాని అట్టి సామాజిక మధ్యస్థమువలన కుదిరిన యొడంబడిక డిక్రీవలె నమలు జరుపదగినది కాదని చట్టము చెప్పుచున్నది. కులసభకంటె రాజసభ బలీయమను యాజ్ఞవల్క్యుని క్రమము ఇచ్చట మరల కానవచ్చుచున్నది.

ఆస్తి విషయమున నొక యుదాహరణ చెప్పి యీ విభాగమును ముగింతుము. ఆడుబిడ్డలకు పసుపుకుంకుమల క్రింద కొంత భూమి యిచ్చి పంపుట మన ప్రాంతమున నాచారము. ఆపై నామెకు భాగములేదు. అన్నదమ్ముల పంపకమునకు పెద్దలు కూర్చున్నపుడు ఆమె అతిథివలె వచ్చి పోవుచుండెను. 1986లో ఆంధ్రప్రదేశ శాసనసభ హిందూ వారసత్వచట్టమును సవరించి, అవివాహితలైన కుమార్తెలకు ఉమ్మడి యాస్తిలో కొడుకులతో సమానమైన జన్మహక్కు నొసగెను. 2005లో ఈ హక్కు దేశమందంతటను కుమార్తె లందరకును లభించినది. నాటినుండి పంపకము జరుగు నరుగుమీద ఆమెకు చోటు వచ్చినది. ఆమె సంతకము లేనిదే దస్తావేజు నిలువదు. ఆమె ‘నాకు వలదు’ అని తన భాగము నన్నకు విడిచినను, అది యిప్పు డొక దానము. పూర్వము దానమని యనుటకైనను వీలులేదు, లేనిదానిని ఇచ్చుట యెట్లు? పెద్దలు వారే, అరుగు అదే. మారినది చట్టము. చట్టము మారగా మధ్యస్థము స్వరూపమే మారినది.

6. ఉపసంహారము

పై పరిశీలనమువలన తేలిన యంశములను క్రోడీకరింతుము. కుటుంబవివాదములలో మొదట సంధికి యత్నింపవలెనను సూత్రము మనకు క్రొత్తది కాదు. మితాక్షరాకారుడు దానిని తొమ్మిదివందల యేండ్లకు పూర్వమే నిర్ణయించెను. కాని యది నేటి మధ్యవర్తిత్వము పాత పంచాయతీయే యనుటకు ఆధారము కాదు. పాత పంచాయతీకి కట్టుబాటు బలము. నేటి మధ్యవర్తిత్వమునకు సమ్మతి బలము. సమ్మతి నిజమైన సమ్మతి కావలెనన్నచో, కాదని లేచిపోవుటకు తలుపు తెరచియుండవలెను; ఆ తలుపునకు ఆవల తీర్పు చెప్పు న్యాయస్థాన ముండవలెను. దూతగా పోయిన అలరాజునకు లేనిది ఆ రక్షణమే.

మధ్యవర్తి తన్ను తాను అడుగుకొనవలసిన ప్రశ్నలు రెండు. సంధిలో అన్యాయమునకు గురియైనవారి మొరకు చోటున్నదా? హితవు ఇరుపక్షములకును చెప్పితిమా, రావలసినవారికి మాత్రమే చెప్పితిమా? ఈ రెండింటికిని సరియైన సమాధానము చెప్పగలిగినచో నాతడు తగవరి. చెప్పలేనిచో కేవలము కలహము చల్లార్చువాడు.

‘తగవు’ కలహమునకు పేరగుటలో మన సమాజపు పొరపాటొకటి దాగియున్నదని ఆరంభమున చెప్పితిమి. న్యాయము కోరినవారిని జగడగొండులుగా చూచిన దృష్టియే యా పొరపాటు. నిఘంటువులలోని యర్థములను మార్చుట పండితుల చేతిలో లేదు. అది వ్యవహర్తల చేతిలోనిది. కుటుంబ న్యాయస్థానపు వసారాలో బిడ్డను చంకబెట్టుకొని తన వంతుకై వేచియున్న స్త్రీని చూచి, ఈమె తగవు పెట్టుకొనుటకు వచ్చిన దనక, తగవు కోరి వచ్చిన దని లోక మనగలిగిన నాడు, ఆ మాటకు దాని తొలి యర్థము తిరిగి లభించును.